వంతుల కాగితంలో లేని మనిషి

ఆయన పోయిన సంగతి నాకు నాలుగు రోజులు ఆలస్యంగా తెలిసింది. కువైట్‌లో మా గదివాడే, రాయచోటిలో ఉన్న టైలరు సిద్ధయ్యకి మొదటి రోజే తెలుసు. రాజంపేట డ్రైవరు అయితే వెళ్ళి దండ కూడా వేసి వచ్చాడు. నాకు మాత్రం అంతా అయ్యాక ఫోను చేశారు.

"నువ్వు అమలాపురంలో ఉండావు గదన్నా, అంత దూరం నుంచి యాడ వస్తావులే అని చెప్పల్యా" అన్నాడు సిద్ధయ్య.

రావాలో వద్దో తేల్చుకోవలసింది నేను. నా తరఫున సిద్ధయ్య తేల్చేశాడు. ఆ మాట ఫోనులోనే అన్నాను. అతను వినిపించుకోకుండా, "యుద్ధమప్పుడు మనకందరికీ ధైర్యం చెప్పిన మనిషన్నా" అని ముక్కు చీదుకున్నాడు.

దీనికి నా అభ్యంతరం ఉంది. కువైట్‌లో, ఫర్వానియాలో, ఒకే గదిలో రెండేళ్ళు ఆయనతో ఉన్నాను. ఇరాకీ సైన్యం వచ్చాక కూడా అదే గదిలో ఉన్నాను. ఒక్కనాడు కూడా ఆయన నోట ధైర్యం చెప్పే మాట రాలేదు. వచ్చిన మాటలు ఏమిటో నాకు పూర్తిగా గుర్తున్నాయి. వాటిలో చాలా భాగం నన్ను ఉద్దేశించినవే.

మొదటి రోజే నన్ను "నువ్వు" అన్నారు. నేను బీకాం చదివి, అల్ రాయ్‌లో కార్ల విడిభాగాల గోడౌనుకి స్టోర్‌కీపరుగా వచ్చినవాణ్ణి. ఆయన అదే అల్ రాయ్‌లో ఒక గ్యారేజీలో డెంటింగ్ పనివారు. గుద్దుకుని వచ్చిన కారు రేకుని లోపలి నుంచి సుత్తితో కొట్టి చదును చేయడం ఆయన పని. నాకంటే ఏడెనిమిదేళ్ళు పెద్ద, అంతే. "మీరు" అంటూ పలకరించాను. "ఏం గోదారాయనా, చాప తెచ్చుకున్యావా?" అన్నారు. ఆ తర్వాత రెండేళ్ళూ నాకు పేరు లేదు.

ఇరవై ఏళ్ళు సుత్తి మోత విని ఆయన చెవులు మందగించాయి. అందుకని గుట్టుగా చెప్పవలసింది కూడా కేక పెట్టి చెప్పేవారు. నేను పెట్టిన పులుసులో పులుపు ఎక్కువైందన్న సంగతి మూడు అంతస్తులకీ అలాగే తెలిసింది.

ఏది జరిగినా ఆయన దగ్గర ఒకే తీర్పు ఉండేది. కుక్కరు మూత వంగినా, ఎవరి ఇంటి నుంచైనా చెడు కబురు వచ్చినా, పనిలో పెట్టుకున్న అరబ్బు యజమాని, కఫీల్, సెలవు ఇవ్వనన్నా, చేత్తో గాల్లోనే ఆ వస్తువుని తడిమి చూసినట్టు చూసి, "చొట్ట పడినాది అంతే, చిరగల్యా గదా" అనేవారు. మనిషి గుండె పగిలి ఏడుస్తుంటే అది రేకు సంగతిలా మాట్లాడటం ఏమిటని అడిగాను. "రేకైతే ఏడ్వదు, అదొక్కటే తేడా" అన్నారు.

గదిలో మేము పదకొండు మందిమి. గోడకి పాత క్యాలెండరు కాగితం వెనక వైపు తిప్పి అంటించి ఉండేది. దాని మీద ఆయన పెన్సిలుతో గళ్ళు గీసి, ఏ రోజు ఎవరి వంట వంతో రాసేవారు. గిన్నెలు తోమే వంతు దాని కింద. అన్నం మాడినా, ఉప్పు మరిచినా పక్కన చిన్న చుక్క. ఆ చుక్కలు నా పేరు పక్కనే ఎక్కువ. ఇంకో విశేషం ఏమిటంటే ఆ కాగితంలో పది పేర్లే ఉండేవి. రాసే మనిషి తన పేరు రాసుకునేవారు కాదు. అందరినీ వండమనే మనిషి తను ఎందుకు వండరని మొదటి నెలలోనే అడిగాను. "నేను రొట్టెలు తెస్తాండా గదా" అన్నారు. తెల్లవారకముందే లేచి బేకరీ నుంచి పదకొండు మందికీ ఖుబూస్ తేవడం ఆయన వంతట. అది వంతు ఎలా అవుతుంది, పొద్దున్నే షికారు అవుతుంది గానీ అని నా వాదన. ఆ వాదన నేను వెనక్కి తీసుకోలేదు.

ఇరాకీ సైన్యం వచ్చిన గురువారం నా వంతు. తెల్లవారుజామున తుపాకుల మోతకి లేచాం. కిటికీలోంచి చూస్తే రోడ్డు మీద ట్యాంకులు. రేడియోలో ఒక దేశం ప్రభుత్వం ఉన్నట్టుండి మారిపోయింది. గదిలో కొందరు ఏడుస్తున్నారు, కొందరు సంచులు సర్దుతున్నారు. నేను మాత్రం నా బాధ్యత మరువలేదు. కందిపప్పు కడిగి, దోసకాయ వేసి, అన్నం వార్చాను. తాలింపు కూడా పెట్టాను. ఒక్కరూ ముద్ద ముట్టలేదు. సాయంత్రానికి ఆ వేడికి పప్పు పులిసిపోయింది.

మర్నాడు చూస్తే గోడ కాగితంలో శుక్రవారం గడిలో మళ్ళీ నా పేరే.

"నిన్న వండాను కదండీ" అన్నాను.

"వండినావు. మేం తినల్యా. తినంది వంతెట్లయితాది?"

"తినకపోవడం నా తప్పాండీ? బయట యుద్ధం జరుగుతోంది."

"యుద్ధం బయట గదా. రాజు పారిపోయినాడని కడుపు ఊరుకుంటాదా? శనివారం కాడ్నుంచి సిద్ధయ్య. ఈరోజు నువ్వు."

వీధి చివర సైనికులు తనిఖీ గేటు పెడుతున్నారు. నేను గరిటె పట్టుకుని మధ్యాహ్నం దాకా ఆయనతో ఆ గురువారం గురించి వాదించాను. సిద్ధయ్య మధ్యలో వచ్చి, "అన్నా, ఆడ మనుషుల్ని కాలుస్తాండారంట, మీరు పప్పు కాడ కొట్లాడతాండారు" అన్నాడు. అది సిద్ధయ్య అవగాహన. అన్యాయం చిన్నదైనా అన్యాయమే. శుక్రవారం నేనే వండాను. తిన్నారు. చుక్క పెట్టారు.

మా బిల్డింగు మూడో అంతస్తులో ఒక ఇంజినీరుగారు ఉండేవారు. ధైర్యం చెప్పడం అంటే ఆయన చెప్పాలి. రోజూ సాయంత్రం మెట్ల మీద నిలబడి, "మనమంతా ఒక్కటిగా ఉండాలి, మంచి రోజులు దగ్గరలోనే ఉన్నాయి" అని ఉపన్యసించేవారు. కళ్ళల్లో నీళ్ళు తిరిగేవి మాకు. వారం గడవకుండానే ఒక ఉదయం కుటుంబంతో సహా కారెక్కి సౌదీ సరిహద్దు దాటేశారు. మంచి రోజులు ఎంత దగ్గరలో ఉన్నాయో ఆయనకి కచ్చితంగా తెలిసే ఉంటుంది. ఈ కబురు నేను చెబితే మా గది ఆయన అన్నది ఇది: "పొయినాడా? మంచిది. మెట్ల మీద దావ ఇడిసినాడు."

మా గది ఆయన దినచర్య మాత్రం మారలేదు. తెల్లవారకముందే రొట్టెల వరసలో నిలబడటం, వచ్చి గడ్డం గీసుకోవడం, బూట్లకి పాలిష్ పెట్టుకోవడం, అల్ రాయ్ దాకా నడిచి మూసి ఉన్న తన గ్యారేజీ చూసి రావడం. దారిలో సైనికులు ఆపి "హిందీ?" అని, అంటే ఇండియావాడివా అని, అడిగితే తల ఊపి ముందుకు పోయేవారు. వచ్చాక గది అంతటికీ వినిపించేలా సమాచారం చెప్పేవారు. మొదటి వారం, "తాళం ఉండాది" అన్నారు. ఇంకో వారానికి, "తాళం ల్యా. తలుపు ఉండాది." దొంగలు, సైనికులు కలిసి ఆ పేట అంతా ఊడ్చుకుపోతున్న రోజులవి. తర్వాత, "తలుపు గూడా ల్యా. గోడలు ఉండాయి" అని, ఇంక సమస్య లేదన్నట్టు ఉల్లిగడ్డ కొరుక్కుంటూ కూర్చున్నారు.

గోడ కాగితం మీద గళ్ళు మాత్రం పెరుగుతున్నాయి. మామూలుగా ఒక వారానికి గీసే మనిషి ఆ రోజుల్లో నెలకి గీశారు. తర్వాత రెండో కాగితం అంటించి ఇంకో నెలకి. అప్పటిదాకా ఎవరు ఉంటారో ఎవరికి తెలుసని అడిగాను. "వంతు రాసినాక ఉండాల గదా, యాటికి పోతారు?" అన్నారు. సిద్ధయ్య పొద్దున్నే లేవగానే తన వంతు ఎప్పుడో ఆ కాగితంలో వేలు పెట్టి చూసుకునేవాడు. చూసుకుని నెమ్మదిగా పళ్ళు తోముకోవడానికి పోయేవాడు. దాన్నే అతను ఇప్పుడు ధైర్యం చెప్పడం అంటున్నాడు కాబోలు.

నా గోడౌను గతి కూడా ఆయనే చెప్పారు. నా కఫీల్ వేసవి సెలవులకి విదేశం పోయి అక్కడే చిక్కుకున్నాడు. మా పాస్‌పోర్టులన్నీ ఆఫీసు ఇనప్పెట్టెలో ఉన్నాయి. "మీ గోడౌను చూసినా. ఇనప్పెట్టె ఉండే చోట సిమెంటు నేల ఉండాది" అన్నారు.

అది విన్నాక నేను పడుకున్నాను. అప్పటికి మనవాళ్ళని బస్సుల్లో బస్రా, బాగ్దాద్ మీదుగా జోర్డాను చేర్చి అక్కడి నుంచి విమానాల్లో పంపిస్తున్నారన్న కబురు వచ్చింది. పేరు రాయించుకోవాలంటే కాగితం కావాలి. నా దగ్గర ఇఖామా, అదే అక్కడ ఉండేందుకు ఇచ్చే అనుమతి కార్డు, దాని నకలు కూడా లేదు. ఆ ఏడు మొదట్లో సెలవుకి ఇంటికి వెళ్ళి వచ్చాను, అక్కడ మా ఆవిడకి ఏడో నెల. ఈ దేశం నుంచి బయటపడే దారి నాకు మూసుకుపోయింది అనుకున్నాను. గోడ వైపు తిరిగి మూడు రోజులు పడుకున్నాను. తిండి వద్దన్నాను. రాజంపేట డ్రైవరు వచ్చి దేవుడున్నాడన్నాడు. సిద్ధయ్య కాళ్ళు పట్టాడు. నా వంతు వచ్చింది, పోయింది. ఫిర్యాదు చేయాలని కూడా అనిపించలేదు. నా జీవితంలో అలాంటి రోజులు అవే.

నాలుగో రోజు మా గదిలో పెద్ద చర్చ. పాస్‌పోర్టు లేనివాళ్ళు అర్జీ పెట్టుకోవచ్చట. ఇంగ్లీషులో రాయాలట. ఎవరు రాస్తారు? నేను నిద్రపోతున్నానని అనుకుని, లేదా అనుకోకుండానే, ఆయన వీధికి వినపడేలా అన్నారు:

"రాసేటోని కోసరం ఊరంతా తిరిగేది దేనికి? ఈ గోదారాయన ఉండాడు గదా. వంకలు పెట్టడంలో ఈయప్పను మించినోడు కువైట్‌లో ల్యాడు. ఏడ్చేది గూడా వరసగా, ఏదీ ఇడిసిపెట్టకుండా ఏడుస్తాడు."

లేచి కూర్చున్నాను.

"నేను వంకలు పెడతానాండీ?"

"పెట్టవా?"

"పెట్టను. న్యాయం అడుగుతాను."

"అడుగు మళ్ళ. గోడను అడిగితే ఏం చెప్తాది? ఇస్కూలు కాడ ఒకయ్య కూచోనుండాడు, పోయి ఆయన్ను అడుగు."

ఒళ్ళు మండిపోయింది. ఆ మంటతోనే ముఖం కడుక్కున్నాను, రొట్టె తిన్నాను, కాగితాలు తెమ్మన్నాను. మొదటి అర్జీ నాలుగు పేజీలు వచ్చింది.

మనవాళ్ళ పిల్లలు చదివే ఒక స్కూల్లో మన ఎంబసీ వాళ్ళు పేర్లు రాసుకుంటున్నారు. బెంచీ వెనక కూర్చున్న అధికారి నిద్రలేక కళ్ళు వాచి ఉన్నారు. పేరు, ఊరు, ఒక ఫోటో చాలన్నారు. చాలదని చెప్పాను. నా ఉద్యోగం ఎప్పుడు మొదలైందో, పాస్‌పోర్టు ఏ తేదీన ఎవరి చేతికి ఇచ్చానో, అప్పుడు రశీదు అడిగితే ఎలా నవ్వారో అంతా చదివి వినిపించాను. మర్నాడు మళ్ళీ వెళ్ళాను. ఆ మర్నాడు కూడా. మా గది ఆయనకీ ఇంకో ముగ్గురికీ పాస్‌పోర్టు చేతిలోనే ఉంది, మిగతా ఏడుగురికి లేదు. ఏడుగురికీ రాశాను. పక్క బిల్డింగుల నుంచి వచ్చారు, వాళ్ళకీ రాశాను. వరసలో నన్ను చూస్తే అధికారి పెన్ను కింద పెట్టి కాసేపు కళ్ళు మూసుకునేవారు. అయిదో రోజు ముద్ర వేసిన ప్రయాణ పత్రాలు ఏడు నా చేతిలో పెట్టి, "మీ గదిలో వాళ్ళందరి పేర్లూ ఒక కాగితం మీద రాసి ఇవ్వండి, ఎల్లుండి బస్సు. దయచేసి ఇంక రాకండి" అన్నారు.

గదికి వెళ్ళి, గోడ కాగితం ముందు నిలబడి, పేర్లన్నీ వరసగా, ముత్యాల్లాంటి అక్షరాలతో దించాను. కార్బను పెట్టి నకలు కూడా తీశాను. ఇచ్చే ముందు మా గది ఆయనకి ఒకసారి చూపించవలసింది. చూపించలేదు. గురువారం వంతు కొట్టేసిన మనిషికి నా రాత చూపించడం దేనికి అనుకున్నాను.

బస్సు రోజు స్కూలు ఆవరణలో నిలబడ్డాం. ఆయన పాలిష్ పెట్టిన బూట్లతో, ఇస్త్రీ చొక్కాతో, చేతిలో రేకు పెట్టెతో అందరికంటే ముందు ఉన్నారు. చీటీ పట్టుకుని పేర్లు పిలుస్తున్నది ఒక కేరళ వాలంటీరు. పిలిచినవాళ్ళు ఎక్కుతున్నారు. పదో పేరు నాది. ఒక కాలు మెట్టు మీద పెట్టాను. వాలంటీరు చీటీ మడిచేశాడు.

"ఇంకొకరు ఉన్నారు" అన్నాను హిందీలో.

"పదే ఉన్నాయి. ఖలాస్."

అప్పుడు అర్థమైంది. గోడ మీద ఉన్నవి పది పేర్లే.

కొట్లాడాను. జీవితంలో అంతగా ఎప్పుడూ కొట్లాడలేదు. వేరే మనిషి కోసం అసలు కొట్లాడలేదు. తప్పు నాదేనని, పదకొండో మనిషి ఇక్కడే ఉన్నాడని, ఒళ్ళో అయినా కూర్చోబెట్టుకుంటామని చెప్పాను. బస్సులో సీటు లేదు, నిలబెట్టి తీసుకుపోతే దారిలో సైనికులు అందరినీ దించేస్తారు అన్నాడతను. పోనీ తర్వాతి చీటీలోనైనా రాయమన్నాను. "పేరు చెప్పు" అన్నాడు. నోరు తెరిచాను. రెండేళ్ళు ఒకే గదిలో ఉన్న మనిషి పాస్‌పోర్టు పేరు నాకు తెలియదు. ఆయన వైపు తిరిగి అడగవలసి వచ్చింది. ఆయన చెప్పారు. తండ్రి పేరు, ఊరు, అన్నీ చెప్పారు. తర్వాత నన్ను అడిగారు:

"యాడ చూసి రాసినావు?"

"గోడ కాగితం చూసి."

"అయితే తప్పు నాదేలే. కాగితం నాది గదా."

"నేను దిగిపోతానండీ. మీరెక్కండి" అన్నాను.

అన్నానన్నది నిజం. కానీ నా చెయ్యి తలుపు పక్కనున్న కడ్డీని పట్టుకుని ఉంది, దాన్ని వదల్లేదు. ఆయన ఆ చేతిని చూశారు. చూసి చూడనట్టు తల తిప్పుకున్నారు.

"నువ్వు దిగితే ఈడ నాకు వండేది నువ్వే గదా. దానికంటే సైన్యమే మేలు. పో. నీ భార్యకు నెల్లు నిండుతాండాయి" అన్నారు. బస్సు డ్రైవరు హారను కొడుతూనే ఉన్నాడు. సిద్ధయ్య నన్ను లోపలికి లాగాడు.

బస్రా, బాగ్దాద్, ఎడారిలో డేరాలు, అమ్మాన్, బొంబాయి. దారి పొడుగునా నీళ్ళు సరిగ్గా ఇవ్వలేదు, డేరాలో నన్ను గాలి రాని మూలకి నెట్టారు, విమానంలో కిటికీ సీటు నాకంటే చిన్నవాడికి ఇచ్చారు. ఇవన్నీ గమనించాను గానీ ఎవరినీ ఏమీ అనలేదు. ఇంటికి చేరి మొదటిసారి తలుపు గొళ్ళెం పెట్టుకుని ఏడ్చాను. తర్వాత ఢిల్లీకి అర్జీలు రాయడం మొదలుపెట్టాను, ఒకే మనిషి గురించి, రోజుకొకటి. ఈసారి పేరు పూర్తిగా రాశాను. మూడు వారాలకి సిద్ధయ్య కార్డు రాశాడు, అన్న ఇల్లు చేరినాడని. చేరిన తొమ్మిది రోజులకి రాశాడు. తీరిగ్గా.

యుద్ధం ముగిశాక మళ్ళీ కువైట్ వెళ్ళాను. ఒక శుక్రవారం ఫర్వానియా బజారులో ఆయన ఎదురయ్యారు. ఏమంటారో అనుకుని, ఏమన్నా పడదామని సిద్ధపడే దగ్గరికి వెళ్ళాను. "ఏం గోదారాయనా, లావైనావు" అన్నారు.

"ఆ రోజు మీ పేరు..."

"కొడుకా, కూతురా?" అన్నారు.

కూతురని చెప్పాను. అంతే. ఆ తర్వాత ఎన్నిసార్లు కలిసినా ఆ ఊసు రానివ్వలేదు. ప్రపంచంలో ఎవరెవరు నన్నేం చేశారో తేదీలతో సహా చెప్పగలను నేను. ఆయన ఒక్క మాట అని ఉంటే సరిపోయేది, నేను రెండు అనేవాణ్ణి, ఇద్దరికీ తీరిపోయేది. ఆ అవకాశం ఇవ్వలేదు. ఆయన మీద నాకున్న ఫిర్యాదుల్లో ఇదే పెద్దది.

నిన్న వాళ్ళబ్బాయి ఫోను చేశాడు. ఆ ఇంట్లో నన్ను "మీరు" అన్న మొదటి మనిషి.

"నాయన మీ గురించి శానా చెప్పేవోడు సార్. 'నా పేరు కోసరం గోదారాయన బస్సును అరగంట ఆపినాడు, అందరూ తిడతాండా ఇడిసిపెట్టల్యా' అని ఊర్లో కనపడినోళ్ళకంతా చెప్పేవోడు."

"ఆ పేరు రాయకుండా వదిలేసింది నేనే బాబూ" అన్నాను.

"తెలుసు సార్. అది గూడా చెప్పినాడు."

"ఏమని?"

"తప్పు ఇద్దరిదీ, కొట్లాట మాత్రం ఆయప్పదే అని."

చాలాసేపు మాట్లాడుకున్నాం. ఫోను పెట్టేశాక గుర్తొచ్చి మళ్ళీ నేనే చేశాను. అరగంట కాదు. పదిన్నరకి మొదలుపెడితే మసీదులో మధ్యాహ్నం నమాజు పిలుపు అయ్యేదాకా బస్సు కదల్లేదు. గంట పైనే. ఊళ్ళో ఇంకెవరైనా అరగంట అంటే సరిచేయమని అబ్బాయికి చెప్పాను. సరేనన్నాడు గానీ, రాసుకున్నట్టు అనిపించలేదు. రేపు మళ్ళీ చేస్తాను.